ఆ పదిహేను అడుగుల నేల ఎవరిది?



నేనుండే గది జీడిమెట్ల చెరువుకి దగ్గర. బోర్డు మీద ఫాక్స్‌సాగర్ అని ఉంటది, నిజాం కాలంలో కట్టిన చెరువు. పని ఇండస్ట్రియల్ ఏరియాలో. డే షిఫ్ట్ అయిపోయాక కట్ట వైపు నడిచి రావడం నాకు అలవాటు. ఆ మధ్య చెరువుల పక్కన ఇళ్లు కూలగొడుతున్నారని రోజూ వార్తలు వస్తుంటే, మా బిల్డింగ్ సంగతేంటని ఓనర్‌ని అడిగా. "భయపడకు తమ్ముడూ, మనది ఎఫ్‌టీఎల్‌లో లేదు. బఫర్‌లో ఉంది, అంతే" అన్నాడు.

ఆ "అంతే" విన్నాక నాకు మా మామ గుర్తొచ్చాడు. మాది కూనవరం వైపు, శబరి ఒడ్డు. పండక్కి వెళ్లినప్పుడు ఇల్లు బాగు చేయిద్దామా అంటే మామ ఇట్లనే అన్నాడు: "మనం నలభై ఒకటి కాదు అల్లుడా, నలభై అయిదు. ఇప్పుడే లేపరు మనల్ని."

ఒకరు సిటీలో చెరువు పక్కన అద్దెకిచ్చే ఓనరు, ఇంకొకరు పోలవరం ముంపులో ఉన్న కోయ రైతు. ఇద్దరి నోటా వచ్చింది ఒక అంకెే. నీళ్ల ఒడ్డున ప్రభుత్వం గీసిన గీతకు మనం ఏ పక్క ఉన్నామనే లెక్క. ముంపు గురించి మన పేజీలో చాలా రాశాం. పరిహారం, కాలనీలు, ప్యాకేజీ, గ్రామసభ తీర్మానాలు అన్నీ రాశాం. కానీ ఒడ్డు గురించి, ఒడ్డున ఏటా పడే మన్ను గురించి, ఇసుక గురించి మనం సరిగా మాట్లాడలేదని నాకనిపిస్తోంది. అందుకే ఈ పోస్టు. కొంచెం పొడుగైంది, ఓపిక పట్టండి.

ముందు చెరువుతో మొదలుపెడతా, ఎందుకంటే అది చిన్నది, కంటికి ఆనుతుంది. చెరువుకి కట్ట ఉన్న వైపు నీళ్లు లోతు. దానికి ఎదురు వైపు, వాగు వచ్చి కలిసే వైపు, నేల పళ్లెం అంచులాగా మెల్లగా పైకి లేస్తుంది. వానాకాలం అక్కడ నీళ్లుంటాయి, ఎండాకాలం నెర్రెలిచ్చిన నల్ల మన్ను. తెలంగాణలో దీన్ని శిఖం అంటారు. నీళ్లు తగ్గినంక దున్నుకో, పంట తీసుకో, ఇల్లు మాత్రం కట్టకు అనేది పాత ఏర్పాటు. ఆ మన్ను వాగు తెచ్చిందే. పరుగెత్తే నీళ్లు నిలవ నీళ్లలోకి రాగానే వేగం పోతుంది, మోసుకొచ్చిన బరువు దించేస్తాయి. గరుకు ఇసుక ముందు దిగుతుంది, సన్న ఇసుక కొంచెం లోపల, బంకమన్ను అన్నిటికన్నా దూరం పోయి చెరువు మధ్యలో కూర్చుంటుంది. అందుకే వాగు నోటి దగ్గర కాలు పెడితే ఇసుక తగులుతుంది, లోపలికి పోతే మోకాలు దాకా దిగబడుతుంది. పశువులు కాసినవాళ్లెవరికైనా తెలిసిన సంగతే ఇది.

ఇప్పుడు చిన్న లెక్క. నేల వంద అడుగులకు ఒక అడుగు చొప్పున లేస్తుందనుకోండి. నీటి మట్టం ఒక్క అడుగు పెరిగితే ఒడ్డు వంద అడుగులు వెనక్కి జరుగుతుంది. వాలు ఇంకా తక్కువైతే రెండొందల అడుగులు జరుగుతుంది. అంటే సర్వే చేసినాయన ఎత్తు కొలవడంలో ఒక అడుగు తప్పితే, కాగితం మీద అది వెంట్రుకంత తేడా, నేల మీద ఒక బస్తీ. ఈ లెక్క గుర్తు పెట్టుకోండి, మళ్లీ దీని దగ్గరికే వస్తా.

ఎఫ్‌టీఎల్ అంటే చెరువు అలుగు పారే మట్టానికి నిండినప్పుడు నీళ్లు ఎంతవరకు పరుచుకుంటాయో ఆ గీత. చెరువు పది హెక్టార్లు దాటితే ఆ గీత నుంచి 30 మీటర్లు బఫర్, అంతకన్నా చిన్నదైతే 9 మీటర్లు. రూలు బాగానే ఉంది. హైదరాబాద్ చుట్టుపక్కల చాలా చెరువులకు ఎఫ్‌టీఎల్ తుది నోటిఫికేషన్ ఏళ్ల తరబడి తేలలేదు, ఆ లోపల మొరం పోశారు, కూలగొట్టిన ఇళ్ల శిథిలాలు పోశారు, పోసినచోట ఎత్తు పెరిగింది, ఎత్తు పెరిగినచోట ప్లాట్లు వేశారు. 2024 జూలైలో హైడ్రా వచ్చాక బుల్డోజర్లు వచ్చాయి. ప్లాటు వేసి అమ్మినవాడు అప్పటికి అక్కడ ఉండడు. ఉండేది కొన్నవాడు, లేదా నాలాంటి అద్దెవాడు. చెరువుని కాపాడొద్దని నేను అనడం లేదు. 2020 అక్టోబరు వానలకు ఇదే ఫాక్స్‌సాగర్ నిండి ఉమామహేశ్వర కాలనీలో ఇళ్లు రోజుల తరబడి నీళ్లలో ఉండిపోయాయి. ఒడ్డుని మింగితే ఏమవుతుందో ఆ కాలనీవాళ్లని అడిగితే చెప్తారు.

కానీ ఒక్కటి గమనించారా? ఈ గొడవంతటిలో శిఖం అనే మాట ఎక్కడా వినిపించదు. నీళ్లు ఇటు, ప్లాట్లు అటు, మధ్యలో ఎర్ర గీత. ఆరు నెలలు నీరు, ఆరు నెలలు నేల అయ్యే ఆ చోటు, అక్కడ పశువుల్ని మేపినవాళ్లు, దోసకాయ వేసుకున్నవాళ్లు, వల వేసినవాళ్లు అసలు లెక్కలోనే లేరు.

ఇంకో సంగతి. ఈ సిటీ గోడల్లో ఉన్న ఇసుకలో మన గోదావరి ఇసుక చాలా ఉంది. ములుగు, భద్రాద్రి వైపు ర్యాంపుల నుంచి లారీలు రాత్రుళ్లు బయల్దేరి తెల్లారేసరికి ఇక్కడుంటాయి. ఆ ర్యాంపులు ఆదివాసీ సొసైటీల పేరు మీద నడుస్తాయి. పేరు మనది, మిషన్ కాంట్రాక్టరుది. ఇసుక చిన్న ఖనిజం, షెడ్యూల్డ్ ఏరియాలో దాన్ని తీయాలంటే ముందుగా గ్రామసభ లేదా పంచాయతీ సిఫారసు ఉండాలని 1996 పెసా చట్టం సెక్షన్ 4(కె) చెప్తుంది. కానీ మన ఊళ్లలో ఆ సిఫారసు సంతకం ఎట్లా పడుతుందో మీకు నేను చెప్పాలా. మన ఒడ్డు ఇట్లా లారీ ఎక్కి వచ్చి, ఇక్కడ ఇంకో ఒడ్డు మీద అపార్ట్‌మెంట్ అయి నిలబడుతోంది.

సరే, ఇప్పుడు మన వైపు.

గోదావరి, శబరి ఒడ్డున పెరిగినవాళ్లకు లంక అంటే ఏంటో చెప్పక్కర్లేదు. వరద తీసినంక కొత్త ఒండ్రు తేలుతుంది. దున్నక్కర్లేదు, ఎరువు అక్కర్లేదు. పెసలు చల్లితే పెసలు, మొక్కజొన్న పెడితే మొక్కజొన్న. మంచి ఒండ్రు ఎక్కడుందో అక్కడికి గిరిజనేతరులు మనకన్నా ముందు చేరారన్నది కూడా నిజమే. 1/70 చట్టం ఉన్నా ఏటి గట్టు మిర్చి చేలు, పొగాకు చేలు చాలావరకు వాళ్ల చేతుల్లోనే ఉన్నాయి. మనవాళ్లకి మిగిలింది గట్టు దిగువన ఏటా జాగా మారే తిన్నెలు. ఈ ఏడు ఇక్కడ తేలింది వచ్చే ఏడు అక్కడ తేలుతుంది. దానికి సర్వే నంబరు లేదు, పట్టా లేదు. పట్టా లేనిదానికి పరిహారం లేదు. గట్టు మీద చేను పోయినాయనకు చెక్కు వచ్చింది. తిన్నె మీద రెండు పంటలు తీసుకున్న మా మేనత్తకు కాగితం కూడా రాలేదు.

ఇక పోలవరం అంకెలు. జలాశయం పూర్తి మట్టం 150 అడుగులు, అంటే 45.72 మీటర్లు. ఆ మట్టానికి 194.6 టీఎంసీలు. కనీస మట్టం 135 అడుగులు, అంటే 41.15 మీటర్లు. ప్రభుత్వాలు ముంపుని ఈ రెండు గీతలతోనే విడగొట్టాయి. 41.15 కాంటూరు కింద ఉన్నవాళ్లు మొదటి దశ, ఆ పైన 45.72 దాకా ఉన్నవాళ్లు తర్వాత. మొత్తం లక్షకు పైగా కుటుంబాలు, అందులో సగానికి పైగా ఆదివాసులం. 2014లో ఏడు మండలాలు ఆంధ్రలో కలిపిందీ ఈ నీళ్ల కోసమే.

ఈ గీతలు ఎంత గట్టివో 2022 జూలైలో చూశాం. జూలై 16న భద్రాచలం దగ్గర గోదావరి 71.3 అడుగులకు చేరింది. 1986లో వచ్చిన 75.6 అడుగుల తర్వాత అంత వరద మళ్లీ అదే. మూడో ప్రమాద హెచ్చరిక 53 అడుగులకే ఇస్తారు, అంటే దాని మీద ఇంకో పద్దెనిమిది అడుగులు. గోదావరి అంత ఎత్తున పారుతుంటే శబరికి కలవడానికి దారి ఉండదు, వెనక్కి తంతుంది. దాన్నే మనవాళ్లు ఎగపోటు అంటారు. మొదటి దశ జాబితాలో లేని ఊళ్లు కూడా మునిగాయి. జనం గుట్టలెక్కి టార్పాలిన్ల కింద ఉన్నారు. ఆ తర్వాత లైడార్ సర్వే చేస్తే, ముందు లెక్కలో 41.15 పైన ఉన్నాయన్న ఊళ్లు కొన్ని నిజానికి దాని కిందే ఉన్నాయని తేలింది. జీడిమెట్ల దగ్గర చెప్పిన లెక్క ఇదే. కాగితం మీద అడుగు తేడా, నేల మీద ఒక ఊరు.

ఎత్తు తప్పు కొలిచారన్నది సగం సంగతే. రెండో సగం మన్ను. నీళ్లు వచ్చి పోతాయి, మన్ను వచ్చి ఉండిపోతుంది. 2022 వరద తీసినంక మా ఇంట్లోకి అడుగు పెడితే బురద మోకాలు దాకా. పారతో తోడి బయట పోస్తే గోడ కింద చిన్న గట్టు అయింది. అమ్మ రెండు రోజులు ఆ బురదలో వంటసామాను వెతికింది. అంత బురద ఎందుకు పడిందంటే, ఎగపోటు కొట్టి శబరి నీళ్లు కదలకుండా నిలబడ్డాయి కాబట్టి. చెరువులో వాగు చేసిన పనే ఇక్కడ నది చేసింది.

జలాశయం పూర్తిగా నిండటం మొదలయ్యాక ఇది ఏటి లెక్క అవుతుంది. నది నిలవ నీటిలోకి దిగే తలభాగంలో ముందు ఇసుక పడుతుంది, ఏటేటా పెరిగి నీటి కిందే ఒక చిన్న డెల్టా అవుతుంది. పోలవరానికి ఆ తలభాగం మన మండలాల వైపే. ఏటి అడుగు లేస్తే అదే వరదకు నీళ్లు ముందుకన్నా ఎత్తున పారతాయి. పెద్ద వరదకు గేట్లన్నీ ఎత్తినప్పుడు కొంత పూడిక కిందికి కొట్టుకుపోతుంది, నిజమే. ఎంత పోతుంది, ఎంత ఉంటుంది అన్నది కొలిచి చెప్పాల్సిన విషయం, ఆఫీసులో కూర్చుని నమ్మించాల్సింది కాదు. కొలవకపోతే ఏమవుతుందో చూడాలంటే పక్కనున్న ప్రాజెక్టులు చూడండి. శ్రీశైలం కట్టినప్పుడు 308 టీఎంసీలు, ఇప్పుడు లెక్కలో ఉన్నది 215 పైచిలుకు. నాగార్జునసాగర్ 408 నుంచి 312కి వచ్చింది. శ్రీరాంసాగర్ 112తో మొదలై ఇప్పుడు 80 దగ్గరుంది. ఈ పోయిన టీఎంసీలన్నీ మన్నే. కొండల మీది నుంచి, చేలల్లోంచి కొట్టుకొచ్చి జలాశయాల్లో దిగిపోయిన మన్ను. ప్రభుత్వం దీన్ని నీళ్ల నష్టంగా లెక్కేస్తుంది, అది దాని బాధ. ఎగువన ఉన్నవాళ్లకి అది ఒడ్డు జరగడం. జలాశయం సామర్థ్యం మారినప్పుడల్లా కొత్త అంకె రాసుకున్నారు కదా, మరి ముంపు గీతని కూడా మళ్లీ గీయాలి కదా? ఆ పని ఎవరి డ్యూటీ చార్టులోనూ లేదు.

(కింద డెల్టా వాళ్ల కథ దీనికి తిరగేసినట్టుంటుంది. ఆనకట్టల వెనక మన్ను ఆగిపోవడంతో సముద్రం దాకా వెళ్లే ఒండ్రు 1970ల నాటి దాంట్లో సగం కూడా లేదు. ఉప్పాడలో ఇళ్లు కడలిలో కలుస్తున్నాయంటే దాని కారణాల్లో ఇదీ ఒకటి. పైన మనకు మన్ను ఎక్కువై బాధ, కింద మత్స్యకారులకు మన్ను లేక బాధ. ఎప్పుడైనా ఇద్దరం ఒక స్టేజీ మీద కూర్చోవాలి.)

ఇప్పుడు అసలు మాట. 135కి, 150కి మధ్య పదిహేను అడుగులు. జలాశయం 150కి నింపుతారు, కాలువలకు వదులుతూ 135 దాకా దింపుతారు. అంటే ఈ పదిహేను అడుగుల ఎత్తు ఏటా మునుగుతుంది, ఏటా తేలుతుంది. వందకి ఒకటి వాలున్న నేల అయితే ఆ పదిహేను అడుగులు ఒడ్డున పదిహేను వందల అడుగుల వెడల్పు పట్టీ, దాదాపు అర కిలోమీటరు. పాపికొండల్లాగా నిటారు చోట్ల అది రాతి గోడ మీద మరకే, మన మండలాల్లో చదును చోట్ల చేలకు చేలు. మునిగినప్పుడు దాని మీద ఒండ్రు పడుతుంది. తేలినప్పుడు అది లంక. ఇంతకుముందు నది మనకు ఇచ్చిన లంకలన్నీ కలిపినా బహుశా అంత ఉండదు.

ఆ నేల ఎవరిది?

చట్టం లెక్కలో భూసేకరణ అయిపోయింది కాబట్టి ప్రభుత్వానిది. మ్యాపులో నీలి రంగు. కానీ నీళ్లు లేని నెలల్లో అది నీలి రంగులో ఉండదు, పచ్చగా ఉంటుంది. ఎవరో ఒకరు దున్నుతారు. శ్రీశైలం ముంపులో ఇదే జరుగుతోంది. 1981లో ఊళ్లకు ఊళ్లు ఖాళీ చేయించారు. ఇప్పటికీ వేసవిలో నీళ్లు వెనక్కి పోతే సంగమేశ్వరం గుడి బయటపడుతుంది, దాని చుట్టూ ముంపు భూముల్లో జనం పంటలు వేస్తారు. కాగితం ఏమీ లేదు. ముందుగానే నీళ్లు వదిలితే పంట పోతుంది, అడగడానికి హక్కు లేదు. బలం ఉన్నవాడికి ఎక్కువ చోటు, లేనివాడికి అంచు. పోలవరంలో ఇదే జరిగితే ఆ పట్టీ మీదికి ట్రాక్టరుతో ముందు వచ్చేవాడు ఎవడో మనకు తెలుసు, 1/70 ఉన్నప్పుడే ఏటి గట్టుకి వచ్చినవాడే. మనం మాత్రం యాభై, అరవై కిలోమీటర్ల దూరంలో కాలనీలో, సిమెంటు స్లాబు కింద, కూలి పని కోసం చూస్తుంటాం. లేదంటే జీడిమెట్లలో.

ఇట్లా తీరం గీత కింద మనకన్నా ముందు నలిగినవాళ్లు ఉన్నారు. కోస్తా చివర పులికాట్ దగ్గర యానాదులు. వాళ్లూ షెడ్యూల్డ్ తెగే, కానీ మైదానంలో, షెడ్యూల్డ్ ఏరియా బయట ఉంటారు కాబట్టి పెసా వాళ్లకు వర్తించదు. శ్రీహరికోట మొత్తం సముద్రం కట్టిన ఇసుక దీవి. అలలు, ఒడ్డు వెంట పారే ప్రవాహం ఇసుకని మోసుకొచ్చి పేర్చిన పొడుగాటి దిబ్బ. దాని వెనక చిక్కుకున్న ఉప్పునీరే పులికాట్ సరస్సు. ఆటుకి ఒక కొలత, పోటుకి ఒక కొలత, దాదాపు 250 చదరపు కిలోమీటర్ల నుంచి 450 దాకా. ఇక్కడైతే ఒడ్డు రోజుకి రెండుసార్లు కదులుతుంది. యానాదులు ఆ దీవి అడవిలో తేనె, దుంపలు, కాయలు ఏరుకున్నారు, సరస్సు బురదలో చేత్తో రొయ్యలు, పీతలు పట్టుకున్నారు. బ్రిటిష్ కాలంలో మద్రాసుకి వంటచెరకు ఆ అడవి నుంచే పోయేది, కొట్టింది వాళ్లే. 1969లో రాకెట్ కేంద్రానికి ఆ దీవిని ఎంచుకున్నారు. 1971 అక్టోబరు 9న మొదటి రోహిణి రాకెట్ ఎగిరింది. చాలా కుటుంబాలు దీవి దాటి సూళ్లూరుపేట వైపు వచ్చి పడ్డాయి. ఇసుక దిబ్బకి పట్టా ఎవరిస్తారు? బురదకి అడంగల్ ఎవరు రాస్తారు? మా మేనత్త తిన్నె లాంటిదే అదీ.

పులికాట్ నుంచి మనం ఇంకొకటి నేర్చుకోవాలి, అది అంత తీపిగా ఉండదు. తమిళనాడు వైపు ఆ సరస్సులో 'పాడు' అని పాత పద్ధతి ఉంది. ఏ ఊరి మత్స్యకారులు ఏ చోట, ఏ రోజు వల వేయాలో వంతులేసుకుంటారు. ప్రభుత్వం జోక్యం లేకుండా జనమే నడుపుకునే పద్ధతి, పుస్తకాల్లో చాలా మెచ్చుకుంటారు. కానీ ఆ వంతుల్లో ఇరుళర్లకు చోటు లేదు. వాళ్లు అంచున, మోకాలు లోతు నీళ్లలో చేత్తో పట్టుకోవాల్సిందే. కాబట్టి "ఆచారం ప్రకారం మాకు హక్కుంది" అనగానే సరిపోదు. ఎవరి ఆచారం, ఎవరు రాసుకున్నారు అన్నది తేలాలి. రాసుకోనివాళ్లు అంచునే ఉంటారు.

మరి మన చేతిలో ఏముంది? ఉంది, కొంచెం. 2013 భూసేకరణ చట్టం సెక్షన్ 41(10) ప్రకారం ముంపు ప్రాంతంలో ఏట్లో, చెరువులో చేపల హక్కు ఉన్న ఆదివాసులకు, దళితులకు జలాశయంలో చేపల హక్కు ఇవ్వాలి. చూడండి, "హక్కు ఉన్న" అన్నారు. శబరిలో తాతల నాటి నుంచి మావు వేసే మనిషికి లైసెన్స్ ఎక్కడిది? రేపు జలాశయం టెండరు వేసేటప్పుడు "మీకు హక్కు ఉన్నట్టు రికార్డు చూపించండి" అంటారు. ఆ రికార్డు ఊరు ఖాళీ కాకముందే పుట్టాలి. 2006 అటవీ హక్కుల చట్టం సెక్షన్ 3(1)(డి) నీటి వనరుల్లోని చేపలు, ఇతర ఉత్పత్తుల మీద, మేపు మీద ఊరంతటి ఉమ్మడి హక్కుని గుర్తిస్తుంది. పోడు పట్టాల కోసం మనం ఆ చట్టం కింద అర్జీలు పెట్టాం, తిరిగాం, కొట్లాడాం. ఒడ్డు కోసం ఎన్ని ఊళ్లు పెట్టాయి? ఆ చట్టం రూల్స్‌లో సాక్ష్యంగా పెద్దవాళ్ల మాట రాతపూర్వకంగా తీసుకోవచ్చని ఉంది. మా మేనత్త మాట సాక్ష్యమే. ఆమెకి ఎనభై దగ్గర పడుతోంది.

కాబట్టి నేననేది, కాంటూరు ఎక్కడ పడింది, ప్యాకేజీ ఎంత అన్న కొట్లాటకి ఇంకొకటి కలపాలి. పదిహేను అడుగుల పట్టీ మీద మొదటి హక్కు అక్కడి నుంచి లేచిపోయిన ఊళ్ల గ్రామసభలది అని తీర్మానాలు పడాలి. నీళ్లు తగ్గాక సాగు, మేపు, చేప, ఇసుక అన్నీ కలిపి. ఏ నెలలో నీళ్లు దింపుతారో, ఎప్పుడు మళ్లీ నింపుతారో ముందుగా ఊళ్లకి చెప్పాలి, లేకపోతే ఆ హక్కు విత్తనం ఖర్చుకి కూడా పనికిరాదు. పూడిక కొలతలు, వరద గీతలు కొన్నేళ్లకోసారి మళ్లీ తీసి తెలుగులో, కోయలో ఊరి గోడ మీద పెట్టాలి.

ఈ డ్రాఫ్ట్ చూపిస్తే మన ఉద్యమంలో పెద్దన్న ఒకాయన కోప్పడ్డాడు. "ముంపు ఒడ్డున చోటు అడిగితే ముంపుకి ఒప్పుకున్నట్టే కదరా" అన్నాడు. ఆయన మాట కొట్టిపారేయలేను. మనం డ్యామ్ వద్దన్నాం, ఎత్తు తగ్గించమన్నాం, ఇప్పటికీ అంటున్నాం. కానీ స్పిల్‌వే కట్టారు, నది దాని మీదుగా పారుతోంది, కాఫర్ డ్యామ్ కట్టిన దగ్గర్నుంచీ మా ఊళ్లో నీళ్లు ముందే వస్తున్నాయి, ఆలస్యంగా పోతున్నాయి. వద్దు అంటూనే వచ్చినదాంట్లో మన వాటా రాయించుకోకపోతే, శ్రీశైలం వాళ్లలాగా నలభై ఏళ్ల తర్వాత కూడా దొంగల్లాగా మన మన్ను మనం దున్నుకోవాల్సి వస్తుంది. ఆయన ఇంకా ఒప్పుకోలేదు. కామెంట్లలో వస్తాడు, చూడండి.

మా ఊళ్లో చిన్న పని మొదలైంది. వరద తీసినంక కుర్రాళ్లు నలుగురు ఫోన్లో లొకేషన్ పెట్టుకుని ఒడ్డు వెంట నడుస్తున్నారు. ఏ చోట తిన్నె తేలింది, ఎవరు ఏం వేశారు, 2022లో నీళ్లు ఏ చెట్టు దాకా వచ్చాయి, 1986లో ఏ చెట్టు దాకా వచ్చాయని పెద్దవాళ్లు చెప్తున్నారు, అన్నీ ఒక లాంగ్ నోటుబుక్కులో. జీడిమెట్ల నుంచి నేను చేయగలిగింది దాన్ని టైపు చేసి పెట్టడం. ముంపు మండలాల తమ్ముళ్లు, చెల్లెళ్లు ఎవరైనా మీ ఊళ్లో ఇది చేస్తామంటే మెసేజ్ పెట్టండి, ఫారం పంపిస్తా.

పోయిన ఆదివారం మామ ఫోన్ చేశాడు. "తిన్నె నిరుడున్న చోట లేదు అల్లుడా, ఇంకో నూరు గజాలు కిందికి పోయింది. పుస్తకంలో ఎక్కడుందని రాయాలి?" అన్నాడు. రెండు చోట్లా రాయమన్నా, పక్కన ఏ ఏడో వేసి.